బ్యాంజోతో ఆఫ్రికా తిరిగిన ఆల్బమ్‌ను ఎలా వినాలి?

ప్రశ్న (కుదించి): "జాకిర్ హుసేన్ పేరు చూసి బేలా ఫ్లెక్ బ్యాంజో వినడం మొదలుపెట్టాను. తరువాత ఆయన ఆఫ్రికా సంగీతకారులతో చేసిన 'త్రో డౌన్ యువర్ హార్ట్' ఆల్బమ్ మొత్తం విన్నాను. పాట పాటకూ దేశం, భాష, తాళం మారిపోతున్నాయి. బ్యాంజో మాత్రం ఎక్కడ విన్నా అదే గలగల. గమకం పలకని వాద్యం ఇన్ని రకాల సంగీతాల్లో ఏం సాధిస్తుంది? ఇంకో మాట. మా అమ్మాయి వీణ నేర్చుకుంటోంది, ఇప్పుడు బ్యాంజో కూడా కావాలంటోంది. ఇక్కడి దుకాణంలో అడిగితే మీటలున్న పెట్టె ఒకటి చూపించారు. బ్యాంజో అంటే అదేనా?"

జవాబు:

దుకాణం సంగతి చిన్నది కాబట్టి ముందు దాన్ని తేల్చేస్తాను. మీకు చూపించింది బుల్‌బుల్ తరంగ్. జపాన్‌లోని తైషోగోతో అనే వాద్యం నుంచి వచ్చింది. ఎడమ చేత్తో బొత్తాలు నొక్కుతూ కుడి చేత్తో తీగలు మీటుతారు. మన దేశంలో చాలాచోట్ల దాన్నే బ్యాంజో అనీ బెంజో అనీ పిలుస్తారు. అదీ మంచి వాద్యమే. కానీ బేలా ఫ్లెక్ చేతిలో ఉన్నదానికీ దీనికీ పేరు తప్ప చుట్టరికం లేదు.

ఇక అసలు విషయం. నేను వీణతో మొదలుపెట్టి, ఉద్యోగరీత్యా నార్త్ కరోలినా వచ్చాక బ్యాంజో పట్టుకున్నవాణ్ని. ఇప్పుడు ఇక్కడి పిల్లలకు నేర్పుతున్నాను కూడా. కాబట్టి మీ ఫిర్యాదు నాకు కొత్త కాదు. వీణ విన్న చెవికి బ్యాంజో మొదట అలాగే వినిపిస్తుంది. మీరు పట్టుకున్నది సరైన చోటే. బ్యాంజోలో నాదం నిలవదు. ఆ లోటును పక్కన పెట్టి ఈ ఆల్బమ్ వింటే విసుగు వస్తుంది. ఆ లోటునే పట్టుకుని వింటే ఒక్కో పాటలో ఆయన ఏం చేశాడో స్పష్టంగా తెలుస్తుంది.

నాదం ఎందుకు నిలవదో చూద్దాం. అమెరికన్ బ్యాంజో అంటే సుమారు 11 అంగుళాల వ్యాసం ఉన్న గుండ్రటి చట్రం, దాని మీద బిగించిన పొర, పక్కన పొడుగాటి మెడ, ఐదు తీగలు. పూర్వం దూడ చర్మం బిగించేవారు, ఇప్పుడు ఎక్కువగా ప్లాస్టిక్ పొర. తీగల భారం మోసే చిన్న చెక్క బ్రిడ్జి ఆ పొర మీదే నిలబడుతుంది. అంటే ఇది తీగలు తొడిగిన చర్మవాద్యం. వీణలో తీగ కదలికను మోసేది బరువైన పనస కర్ర. అది తీగలోని శక్తిని కొంచెం కొంచెంగా తీసుకుంటుంది కాబట్టి నాదం సాగుతుంది. బ్యాంజో పొర చాలా తేలిక. తీగలో ఉన్న శక్తినంతా ఒక్కసారిగా లాగి గాలిలోకి విసిరేస్తుంది. అందుకే అంత బిగ్గరగా మోగుతుంది, అంత త్వరగా ఆగిపోతుంది. ఆ బిగ్గరతనమూ ఈ పొట్టి ఆయుష్షూ ఒకే కారణం నుంచి వచ్చినవి. ఒకటి కావాలంటే రెండోదాన్నీ ఒప్పుకోవాలి.

వీణ మీద ఒక్క మీటుతో మూడు నాలుగు స్వరాలు పలికించవచ్చు. మీటిన తరువాతే కదా అసలు పని మొదలయ్యేది! తీగను పక్కకు లాగుతాం, వదులుతాం, మళ్లీ లాగుతాం. బ్యాంజో మీద కూడా తీగను లాగవచ్చు, కానీ లాగి తిరిగి వచ్చేలోగా నాదం ఆరిపోతుంది. కాబట్టి ఆనందభైరవి నిండుగా పలికించే ఆశ ఈ వాద్యం మీద పెట్టుకోకూడదు. అయితే, నిలవని నాదంతో కూడా పాటను నిలబెట్టే ఉపాయాలు బ్యాంజో వాద్యకారులు తరతరాలుగా కనిపెడుతూ వచ్చారు. మొదటి ఉపాయం కుడిచేతి వేళ్లలో ఉంది. మీరు గలగల అన్నది దాన్నే.

మూడు వేళ్లకు గోళ్లలాంటి తొడుగులు పెట్టుకుని వాయిస్తారు. ఎక్కువగా వినిపించే వరుస ఇది: బొటనవేలు, చూపుడువేలు, నడిమివేలు, మళ్లీ బొటనవేలు, చూపుడువేలు, నడిమివేలు, ఆఖరున బొటనవేలు, నడిమివేలు. మొత్తం ఎనిమిది మీట్లు. నోటితో అని చూడండి: తకిట తకిట తక. తాళం నాలుగు మీద సమంగా నడుస్తుంటే చేతి వేళ్లు మూడు, మూడు, రెండుగా విడిపోతాయి. ప్రతి మీటూ వేరే తీగ మీద పడుతుంది కాబట్టి ఒక తీగ ఆరేలోగా రెండో తీగ అందుకుంటుంది. పాట స్వరాలు ఈ ప్రవాహంలో అక్కడక్కడ కొంచెం గట్టిగా పడతాయి. మిగతావన్నీ వాటి మధ్య ఖాళీని నింపే మీట్లు. వినేవాడి చెవి ఆ గట్టి స్వరాలను ఏరి కలుపుకుని పాటగా వింటుంది. ఎర్ల్ స్క్రగ్స్ 1945 చివర్లో బిల్ మన్రో బృందంలో చేరి ఈ పద్ధతిని అమెరికా అంతటా వినిపించాడు. బ్లూగ్రాస్ అనే అమెరికన్ పల్లె సంగీతానికి ఆ గుర్తుపట్టగల రూపం అప్పుడే వచ్చింది.

తీగల శ్రుతి కూడా ఇందుకు తగినట్టే ఉంటుంది. మూడో తీగను షడ్జం అనుకుంటే, నాలుగోది మంద్ర పంచమం, రెండోది అంతర గాంధారం, ఒకటోది పంచమం. ఐదోది మిగతా తీగలకంటే పొట్టి. మెడ మధ్యలో, ఐదో మెట్టు దగ్గర దానికి విడిగా బిరడా ఉంటుంది. అది పలికేది తారస్థాయి షడ్జం. బొటనవేలు మాటిమాటికీ దాని మీద పడుతుంటుంది. వీణ మీద తాళపు తీగలు చేసే పనిలో సగం అది చేస్తుంది.

రెండో ఉపాయం బిల్ కీత్‌ది. 1960 ప్రాంతంలో ఆయన, బాబీ థాంప్సన్ ఎవరికి వారుగా కనిపెట్టిన పద్ధతి ఇది: ఒకదాని పక్కన ఒకటిగా వచ్చే స్వరాలను ఒకే తీగ మీద కాకుండా వేర్వేరు తీగల మీద పలికించడం. స పలికిన తీగ ఇంకా మోగుతుండగానే రి వేరే తీగ మీద వస్తుంది. స్వరాలు ఒకదాని మీద ఒకటి ఒరుగుతాయి. మూడోది డాన్ రీనో పద్ధతి. ఇందులో ఒకే తీగ మీద బొటనవేలు, చూపుడువేలు మార్చి మార్చి మీటుతారు. పొడిపొడిగా, కచ్చితంగా వినిపిస్తుంది. వేగంగా మారే స్వరశ్రేణులకు ఇదే పనికొస్తుంది. బేలా ఫ్లెక్ ఈ మూడింటినీ ఒకే పాటలో, ఒక్కోసారి ఒకే చరణంలో మార్చేస్తాడు. మీరు గలగల అని ఒకే పేరు పెట్టినది నిజానికి మూడు వేర్వేరు ధ్వనులు. వాటిని విడదీసి వినడం రెండు మూడు రోజుల్లో అలవాటవుతుంది.

ఇప్పుడు ఆల్బమ్‌కు వస్తాను. ఫ్లెక్ 1958లో న్యూయార్క్‌లో పుట్టాడు. స్క్రగ్స్ వాయించిన ఒక టీవీ కార్యక్రమ సంగీతం విని బ్యాంజో మీద మనసు పారేసుకున్నాడు. బ్లూగ్రాస్‌లో, జాజ్‌లో పేరు తెచ్చుకున్నాక, 2005లో బ్యాంజో పట్టుకుని ఉగాండా, టాంజానియా, గాంబియా, మాలి దేశాలు తిరిగాడు. ఆయన సోదరుడు సాషా పలదినో ఆ ప్రయాణాన్ని డాక్యుమెంటరీగా తీశాడు. ఆల్బమ్ 2009లో వచ్చింది, మరుసటి ఏడాది దానికి రెండు గ్రామీలు వచ్చాయి.

బ్యాంజోతో ఆఫ్రికాకే ఎందుకు వెళ్లాలి? ఎందుకంటే అది అక్కడిదే. బానిసలుగా ఓడలెక్కించిన పశ్చిమ ఆఫ్రికా జనం తమ చేతుల్లో, జ్ఞాపకాల్లో కరేబియన్ దీవులకూ, అక్కడి నుంచి ఉత్తర అమెరికాకూ తీసుకొచ్చిన వాద్యం ఇది. సొరకాయ బుర్ర మీద తోలు బిగించి, కర్ర మెడ పెట్టి అక్కడ మళ్లీ తయారు చేసుకున్నారు. జమైకాలో అలాంటి వాద్యాలను చూసిన వైద్యుడు హాన్స్ స్లోన్ 1707లో అచ్చయిన తన పుస్తకంలో వాటి బొమ్మ వేయించాడు. 1830ల తరువాత జోయెల్ స్వీనీ లాంటి తెల్లవారు ముఖానికి నల్లరంగు పూసుకుని రంగస్థలాల మీద ఈ వాద్యంతో నల్లవారిని వెక్కిరిస్తూ పేరూ డబ్బూ సంపాదించారు. ఆ తరువాత అది కొండ ప్రాంతపు తెల్లవారి వాద్యంగా ముద్రపడింది. అసలు తెచ్చినవారి పేరు వెనక్కి పోయింది. నేనుండే రాష్ట్రంలోని బూన్ పట్టణంలో, ఫ్లెక్ ఆఫ్రికా వెళ్లిన ఆ 2005లోనే, నల్లజాతి బ్యాంజో వాద్యకారుల సమావేశం ఒకటి జరిగింది. తమ వాద్యాన్ని తమదిగా తిరిగి చెప్పుకునే పని అక్కడ గట్టిగా మొదలైంది. ఈ నేపథ్యం తెలియకుండా ఈ ఆల్బమ్ వింటే అది ఒక విహారయాత్రలా అనిపించవచ్చు.

పేరు విషయంలో ఒక మెలిక ఉంది. ఆల్బమ్ పేరు ('నీ గుండెను కింద పడెయ్' అని) టాంజానియాలోని బగమోయో అనే సముద్రతీర పట్టణానికి సంబంధించినది. లోతట్టు ప్రాంతాల నుంచి బానిసలను నడిపించుకొచ్చిన బిడారుల ఆఖరి మజిలీ అది. కానీ అది తూర్పు తీరం. బ్యాంజోకు పుట్టిల్లు పడమటి తీరం. కాబట్టి ఈ ఆల్బమ్ ఒక వాద్యపు వంశవృక్షాన్ని మాత్రమే వెతకడం లేదు. బ్యాంజోతో ఏ చుట్టరికమూ లేని చోట్లకు కూడా వెళ్లి, అక్కడ అది ఎలా ఉంటుందో చూస్తోంది. మొత్తం పద్దెనిమిది పాటలు. అన్నింటి గురించీ రాయను. నాలుగింటి దగ్గర ఆగుతాను.

ముందు 'వైరెంజియాంటె' వినండి. ఉగాండాలోని ఒక పల్లెలో రికార్డు చేశారు. కర్ర పలకలతో చేసిన చాలా పెద్ద జైలోఫోన్ అది. దాని చుట్టూ రెండు వైపులా ఎంతోమంది కూర్చుని ఒకే వాద్యాన్ని వాయిస్తారు. ఆ ప్రాంతపు పద్ధతి ఏమిటంటే, ఒకడి దెబ్బకూ తరువాతి దెబ్బకూ మధ్య ఉన్న ఖాళీలో రెండోవాడి దెబ్బ పడుతుంది. ఇద్దరూ విడివిడిగా వాయించేది చాలా సాదాగా ఉంటుంది. రెండూ కలిస్తే ఎవరూ వాయించని ఒక కొత్త స్వరమాలిక గాలిలో వినిపిస్తుంది. చెవి దాన్ని తనంతట తాను ఏర్పరచుకుంటుంది. ఇందాక బ్యాంజో వేళ్ల వరుస గురించి చెప్పింది గుర్తు చేసుకోండి. ఒక మనిషి మూడు వేళ్లతో చేసే పనిని ఇక్కడ ఊరంతా కలిసి చేస్తోంది. పైగా కర్ర పలక నాదం కూడా బ్యాంజో నాదంలాగే క్షణంలో ఆగిపోతుంది. ఈ పాటలో బ్యాంజోకు ఏ లోటూ లేదు. అది తన ఈడువాళ్ల మధ్య కూర్చుంది. నా మట్టుకు ఈ ఆల్బమ్ తలుపు తెరిచిన పాట ఇది.

తరువాత 'అజులా/మ్బాంబా'. గాంబియాలోని జాట్టా కుటుంబంతో చేసినది. వాళ్లు వాయించేది అకోంటింగ్. జోలా జాతివారి వాద్యం. సొరకాయ బుర్ర, దాని మీద తోలు, పొడుగాటి కర్ర మెడ, మూడు తీగలు. ఒక తీగ పొట్టిది, బొటనవేలితో పలికించేది. చూపుడువేలి గోరుతో తీగను కిందికి కొట్టి, వెంటనే బొటనవేలిని పొట్టి తీగ మీద పడేస్తారు. అమెరికాలో స్క్రగ్స్ కంటే ఎంతో ముందు నుంచీ ఉన్న క్లాహ్యామర్ అనే బ్యాంజో పద్ధతి అచ్చంగా ఇదే. వందల ఏళ్లు గడిచినా చేతి కదలిక మాత్రం మారలేదు. పుస్తకాల్లో ఎన్ని సాక్ష్యాలు చదివినా కలగని నమ్మకం నాకు ఆ రెండు చేతులను పక్కపక్కన చూసినప్పుడు కలిగింది. పాటగా ఇది ఈ ఆల్బమ్‌లో గొప్పది కాకపోవచ్చు. కానీ ఇది లేకపోతే మిగతా పదిహేడు పాటలకు ఆధారం లేదు.

మూడోది 'కినెత్సా'. మడగాస్కర్ గిటారు వాద్యకారుడు డ'గారితో. ఆయన తన దేశంలోని మరోవాని అనే పెట్టెవాద్యం ధోరణిని గిటారు మీదికి తెచ్చుకున్న మనిషి. తీగల శ్రుతినే దానికోసం మార్చుకుని వాయిస్తాడు. ఇక్కడ చిక్కు వేరు. రెండూ మీటు వాద్యాలే, రెండూ వేగంగా పోయేవే. రెండూ ఒకేసారి మోగితే గందరగోళమే మిగులుతుంది. ఫ్లెక్ ఏం చేశాడో వినండి. గిటారు దట్టంగా ఉన్నచోట వేళ్ల వరుస ఆపేసి, పొడిపొడి స్వరాలతో జవాబు చెబుతాడు. గిటారు ఊపిరి పీల్చుకున్నచోట మాత్రమే ప్రవాహాన్ని వదులుతాడు. మన తనియావర్తనంలో మృదంగం, ఘటం ఒకరి మాటకు ఒకరు చోటిచ్చినట్టే ఉంటుంది.

నాలుగోది 'జొరొలెన్'. మాలి గాయని ఊమూ సంగారేతో. నిదానమైన పాట. గొంతు ఒక స్వరం మీద నిలబడి, తిరిగి, కిందికి జారుతుంది. అంటే బ్యాంజోకు అస్సలు చేతకాని పనే ఈ పాటకు ప్రాణం. ఈ పాటలో బ్యాంజోను వెతికి వినండి. చాలా తక్కువ ఉంటుంది. వేళ్ల వరుసతో ఖాళీలు నింపే అలవాటు రక్తంలో ఉన్న వాద్యకారుడు ఇక్కడ ఆ ఖాళీలను అలాగే వదిలేశాడు. ఒక స్వరం మీటి, అది ఆరిపోయేదాకా ఆగి, ఆ మౌనంలో ఆమె గొంతును వినిపించనిచ్చాడు. వేగంగా వాయించడం సాధనతో వస్తుంది. ఇలా ఆగడానికి సాధన ఒక్కటే చాలదు, ఎదుటి మనిషి పాట మీద గౌరవం ఉండాలి. బ్యాంజో నేర్చుకోవడానికి వచ్చే పిల్లలందరికీ నేను ముందు ఈ పాటే వినిపిస్తాను.

ఆల్బమ్‌కు పేరిచ్చిన పాటలో బాసెకూ కుయాతె, హరూనా సమాకె ఉన్నారు. కుయాతె వాయించే న్గోని కూడా తోలు బిగించిన వాద్యమే, బ్యాంజోకు పెదనాన్న వరస. గ్రామీ వచ్చిన రెండింటిలో ఒకటి ఈ పాటకే. బాగుంటుంది. ఎవరు ఎక్కడ వాయిస్తున్నారో మొదటిసారి విడదీయలేరు. రెండోసారి విన్నప్పుడు, మీటు పదునుగా, లోహపు మెరుపుతో ఉన్నది బ్యాంజో, మెత్తగా గుబగుబలాడేది న్గోని అని పెట్టుకోండి. అదే గుర్తు.

నచ్చని సంగతి కూడా చెప్పాలి. పద్దెనిమిది పాటలు, ఇన్ని దేశాలు ఒకే ఆల్బమ్‌లో పెట్టడం వల్ల కొన్నిచోట్ల మనం ఆ ఊరి గుమ్మం దగ్గరే నిలబడి తిరిగి వచ్చేస్తాం. కొన్ని గుంపుపాటల్లో బ్యాంజో అలంకారంగా మాత్రమే ఉంది. తీసేసినా పాటకు నష్టం లేదు. తీరిగ్గా కూర్చుని ఒకరినొకరు అర్థం చేసుకున్నట్టు వినిపించే పాటలు వేరుగా తెలిసిపోతాయి. టాంజానియాకు చెందిన అంధ వాద్యకారుడు అనానియా న్గోలిగా, బొటనవేళ్లతో మీటే ఇనుప నాలుకల వాద్యంతో చేసిన 'కబీబీ' అలాంటిది. అక్కడ ఇద్దరూ నవ్వుకుంటూ వాయిస్తున్నట్టు ఉంటుంది. ఆ యాత్రలో ఏర్పడిన స్నేహాల్లో లోతైనది మాలికి చెందిన కోరా వాద్యకారుడు తుమాని దియాబాతెతో. వారిద్దరి కచేరీ రికార్డింగు 'ద రిపుల్ ఎఫెక్ట్' 2020లో విడిగా వచ్చింది. కోరాకు 21 తీగలు, నాదం బాగా నిలుస్తుంది. బ్యాంజో పక్కన కోరా ఉంటే ఎంత తేడానో వినాలంటే అదే వినండి. తుమాని 2024లో చనిపోయారు.

పాశ్చాత్య శాస్త్రీయ సంగీతం మీద కూడా ఇదే కొలత పెట్టి చూడవచ్చు. ఫ్లెక్ 2001లో 'పర్పెచువల్ మోషన్' అని బాఖ్, స్కార్లాటి, పగనీని, షోపాన్ రచనలతో ఒక ఆల్బమ్ చేశాడు. బాఖ్ సోలో వయొలిన్ కోసం రాసిన ఒక ప్రెలూడ్ అందులో ఉంది. ఆపకుండా పరుగెత్తే పదహారో వంతు స్వరాలతో నడిచే రచన అది. విన్నాక, ఇది బ్యాంజో కోసమే రాశారేమో అనిపిస్తుంది. కారణం మీకు ఈపాటికి తెలిసిపోయి ఉంటుంది. ఆ రచనలో ఏ స్వరమూ నిలబడనక్కర్లేదు. పగనీని రచన ఒకటి అందులో రెండుసార్లు వస్తుంది, ఒకటి మామూలుగా, ఒకటి బ్లూగ్రాస్ బాణీలో. రెండూ వెంటవెంటనే వింటే, స్వరాలు అవే ఉండగా బాణీ అనేది తాళంలో, మీటులో ఎక్కడ దాక్కుంటుందో అర్థమవుతుంది.

ఇక మీరు మొదట విన్న జాకిర్ హుసేన్ సంగతి. 'యాజ్ వి స్పీక్' 2023లో వచ్చింది. జాకిర్, ఫ్లెక్, డబుల్ బేస్ మీద ఎడ్గార్ మేయర్, వేణువు మీద రాకేశ్ చౌరాసియా. అందులో బ్యాంజో ఏ పనిలో ఉందో గమనించండి. వేణువు, బ్యాంజో ఒకే స్వరాలను కలిసి వాయించే చోట్లు ఉన్నాయి. మీటు మొదలు బ్యాంజోది, సాగే నాదం వేణువుది. రెండూ కలిసి, గమకమూ పదునూ రెండూ ఉన్న మరో వాద్యం ఒకటి పలుకుతున్నట్టు ఉంటుంది. మేయర్ కమానుతో కింద స్వరాన్ని పట్టి ఉంచుతాడు. తబలా వైపు చూస్తే బ్యాంజో చర్మవాద్యపు కుటుంబంలోకి వచ్చేస్తుంది. జాకిర్ వేళ్లు, ఫ్లెక్ వేళ్లు ప్రశ్న జవాబులుగా నడిచేచోట ఏ దెబ్బ తోలు మీద పడింది, ఏ మీటు తీగ మీద పడింది అని ఒక్క క్షణం తడబడతాం. జాకిర్, ఫ్లెక్, మేయర్ ముగ్గురూ (రాకేశ్ అప్పటికి వాళ్లతో లేడు) 2006లోనే నాష్‌విల్ ఆర్కెస్ట్రా కొత్త భవనం ప్రారంభానికి ఒక కచేరీ రచన చేశారు కాబట్టి ఈ చనువు ఒక్కరోజులో వచ్చింది కాదు. 2024 డిసెంబరు 15న జాకిర్ వెళ్లిపోయాక నేను ఈ ఆల్బమ్‌ను మళ్లీ చాలాకాలం వినలేకపోయాను.

మనవాళ్లలో ఇదే చిక్కును ఇంకోలా విప్పిన మనిషి ఉన్నాడు. 1969లో పాలకొల్లులో పుట్టిన మాండలిన్ శ్రీనివాస్. మాండలిన్ నాదం కూడా పొట్టిదే. జంట తీగల వల్ల తీగను లాగడమూ కష్టమే. ఆయన జంట తీగలు తీసేసి ఒంటి తీగలు వేసుకున్నాడు, ఎలక్ట్రిక్ వాద్యం ఎంచుకున్నాడు. నాదం నిలిచింది, గమకం పలికింది, కర్ణాటక సంగీతం దాన్ని తనదిగా ఒప్పుకుంది. శ్రీనివాస్ తన సంగీతం కోసం వాద్యాన్ని మార్చాడు. ఫ్లెక్ ఈ ఆల్బమ్‌లో వాద్యాన్ని అలాగే ఉంచి, ఎక్కడికి వెళితే అక్కడ తన చేతిని మార్చుకున్నాడు. రెండూ గొప్ప పనులే. కానీ కర్ణాటక సంగీతపు కొలతతో మొదటిదాన్నే సంగీతమనీ, రెండోదాన్ని విన్యాసమనీ అనడం న్యాయం కాదు.

మీ అమ్మాయి విషయం. తప్పకుండా కొనిపెట్టండి. కానీ అడిగేటప్పుడు ఐదు తీగల బ్యాంజో అని స్పష్టంగా అడగండి. నాలుగు తీగల టెనర్ బ్యాంజో అని ఇంకోటి ఉంది, అది జాజ్‌కూ ఐరిష్ సంగీతానికీ వాడతారు. ఆరు తీగలది గిటారు శ్రుతితో ఉంటుంది. ఈ రెండింటి మీదా పైన చెప్పిన పద్ధతులు సరిగా కుదరవు. వెనుక చెక్క పళ్లెం ఉన్న రకం బరువు, ధ్వని ఎక్కువ. వెనుక తెరిచి ఉన్న రకం తేలిక, ధ్వని మెత్తన. ఇంట్లో నేర్చుకునే పిల్లకు రెండోదే నయం. పొర ప్లాస్టిక్‌దే తీసుకోండి. తోలు పొర కోస్తా ఉక్కపోతకు వదులై రోజూ శ్రుతి తప్పిస్తుంది.

ఆమె వేళ్లకు మూడు వేళ్ల స్క్రగ్స్ పద్ధతి కంటే ముందు క్లాహ్యామర్ నేర్పించమని నా సలహా. వీణ మీద చూపుడువేలు, నడిమివేలు తీగను కిందికి మీటుతాయి, తాళపు తీగలను చిటికెన వేలు చూసుకుంటుంది. క్లాహ్యామర్‌లోనూ గోరు కిందికే కొడుతుంది, శ్రుతి తీగను బొటనవేలు చూసుకుంటుంది. మారేది ఆ ఒక్క వేలు మాత్రమే. వీణ నుంచి వచ్చిన పిల్లలు ఇందులో చాలా త్వరగా కుదురుకోవడం చూశాను. గోరు పొడవుగా ఉంచుకోవడం ఎలాగూ అలవాటే కదా.

బ్రిడ్జి అతికించి ఉండదు, తీగల ఒత్తిడి మీదే నిలబడుతుంది. పెట్టెలోంచి తీసేసరికి అది జరిగిపోయి ఉండవచ్చు. ఒకటో తీగను పన్నెండో మెట్టు మీద నొక్కి మీటండి. తరువాత అక్కడే వేలిని ఊరికే ఆనించి మీటి, వెంటనే వేలు తీసేయండి. రెండు స్వరాలూ ఒకటే అయితే బ్రిడ్జి సరైన చోట ఉన్నట్టు. నొక్కిన స్వరం ఎక్కువగా ఉంటే బ్రిడ్జిని కొంచెం వెనక్కి, తక్కువగా ఉంటే కొంచెం మెడ వైపు జరపాలి. తీగలు కొంచెం వదులు చేసి జరపండి, బిగువు మీద నెడితే పొర మీద గీత పడుతుంది.

శంకరాభరణం, మోహనం, హంసధ్వని లాంటివి మామూలు శ్రుతిలోనే హాయిగా వస్తాయి, రెండో తీగ అంతర గాంధారం కాబట్టి. సాధారణ గాంధారం ఉన్న రాగాలకు ఆ తీగ అడ్డొస్తుంది. అప్పుడు దాన్ని అర స్వరం పైకి, శుద్ధ మధ్యమానికి బిగించమనండి. ఇక్కడి కొండ ప్రాంతపు పాత పాటల్లో చాలావాటికి వాడే శ్రుతి అదే. మామూలు శ్రుతిలో షడ్జం మన లెక్కలో ఐదు శ్రుతికి వస్తుంది, అంటే ఆడపిల్లల గొంతుకు దగ్గర. పైకి పోవాలంటే మెడ మీద క్లిప్పు బిగిస్తారు. కానీ ఐదో తీగ మధ్యలోంచి మొదలవుతుంది కాబట్టి ఆ క్లిప్పు దాన్ని పట్టుకోదు, దానికి విడిగా చిన్న కొక్కేలు కావాలి. కొనేటప్పుడే ఏడు, తొమ్మిది, పది మెట్ల దగ్గర వాటిని దుకాణంలోనే వేయించి తీసుకోండి.